ఆరు భాషల ఉయ్యాల

ఏ ఇంట చూసినా ఉయ్యాలలకే నోళ్లున్న రోజులవి. చెల్లెలి కొడుకు తొలి పుట్టినరోజుకు వచ్చిన హైమావతి, "ఏరా నా బంగారు కొండా!" అంటూ చేతులు చాచింది.

"ష్! మన భీమారం యాస వాడి బుర్రకెక్కితే ఇంకేమన్నా ఉందా అక్కా?" అని చెల్లెలు సునంద పెదవుల మీద వేలు పెట్టుకుంది. పక్కనే మరిదీ వేలు పెట్టుకున్నాడు. ఉయ్యాల మాత్రం వాడికి పాఠాలు చెబుతూ ఆరు భాషల్లో గుక్క తిప్పుకోకుండా వాగుతోంది.

హైమావతికి ఒళ్లు మండింది. కన్నవాళ్ల గొంతు చెవిన పడితే పాడైపోయే బుర్ర, అదేం బుర్రో!

"ఇంతకీ ఏం నేర్చాడే మీ పండితుడు?"

సునంద గర్వంగా కొడుకును ఒళ్లో కూర్చోబెట్టుకుంది. వాడు ఉయ్యాల వైపు చూడనైనా లేదు. అమ్మ మొహంలోకి తేరిపార చూసి, బుల్లి వేలు పెదవులకు ఆనించి, "ష్!" అన్నాడు.