పంపు గదిలో నాన్న

"లే బావా! సగం ఆట మిగిలే ఉంది. పైకెళ్లి కూతుర్ని కళ్లారా చూసుకో. పంపు నేను చూస్తాగా!" అన్నాడు స్టేడియంలో ఎలక్ట్రీషియన్‌గా చేసే బావమరిది.

మైదానంలో పరిచిన టర్ఫ్ గడ్డి తడారితే హాకీ బంతి సాఫీగా జారదు. అందుకే గేలరీల కింద, కిటికీ కూడా లేని ఆ గదిలో బావకు ఆరేళ్లుగా నీళ్ల పంపు కాపలా. ఆట ముగిసేదాకా కదలకూడదు. పైనుంచి అరుపులు వినడమే తప్ప ఒక్క ఆటా చూసి ఎరగడు. ఈరోజు కూతురి మొదటి అంతర్జాతీయ మ్యాచ్.

"సూపర్‌వైజర్ చూస్తే?"

"నన్ను తిడతాడు. నాకేమన్నా కొత్తా?"

బావ తల దువ్వుకుని, రెండు మెట్లెక్కి ఆగాడు.

"ఎలా ఆడుతోందిరా?"

బావమరిది పంపు వైపు తిరిగాడు.

"నిన్నేరా!"

"ఇంకా ఆడించలేదు బావా. బెంచీ మీదే కూర్చోబెట్టారు. ఆఖర్లోనైనా దింపుతారేమోనని నిన్ను వెళ్లమన్నా. 'నాన్న పైకి రాడుగా మామయ్యా?' అని రెండుసార్లు అడిగింది."

బావ మెల్లగా దిగివచ్చి స్టూలు మీద కూలబడ్డాడు.

"వెళ్లి చెప్పు. సూపర్‌వైజర్ కదలనివ్వట్లేదని మీ నాన్న అరిచి గోల చేస్తున్నాడని చెప్పు."

"బావా..."

"నవ్వుతూ చెప్పరా. అది నమ్మాలి."

అతను వెళ్లగానే లేచి, తలుపు తనే గడియ వేసుకున్నాడు.