గోడ చుట్టూ పసుపునీళ్లు

మంగళవారం పొద్దున మేడ మీద నిలబడి పళ్లు తోముకుంటున్న సుభాష్‌కు కాలనీ గోడ బయట ఒక ముసలామె కనిపించింది.

ఒక చేతిలో చెంబు, ఇంకో చేతిలో వేపమండ. గోడ వెంబడి పసుపునీళ్లు చల్లుకుంటూ పోతోంది.

అతను గబగబా నోరు కడిగేసుకున్నాడు. లోపల కూతురు అంకిత మూడు రోజులుగా జ్వరంతో మూలుగుతోంది. పిల్లకు ఎవరో ఏదో చేశారని అత్త అమృతమ్మ అప్పటికే గొణుగుతోంది.

నారాయణఖేడ్ శివార్లో ఆ కాలనీ కట్టిందే బయటివాళ్ల పీడ వద్దని. బడి, కిరాణా, గుడి అన్నీ లోపలే. పాలప్యాకెట్టుకు కూడా గేటు దాటక్కర్లేదు. దానికి సుభాషే సంఘం అధ్యక్షుడు. ఫోన్లో కోటలు కట్టే ఆట ఆడీ ఆడీ, గోడ బయట కనిపించినవాళ్లంతా శత్రువులేనని ఆయనగారికి గట్టి నమ్మకం.

వాచ్‌మన్ మొగులప్పను వెంటేసుకుని ఉరికాడు.

"ఏం చేస్తున్నవ్ ఈడ?"

"ఊరికి కీడు రాకుండ కట్టు కడుతున్న బిడ్డా."

"ఊరేంది? ఇది కాలనీ."

"మనుషులున్నరు గదా. ఇగ ఊరే."

ఆ నిదానం చూస్తే అతనికి ఒళ్లు మండింది. అడగకుండా వచ్చి మంచి చేసేవాళ్లు ఈ కాలంలో ఎవరున్నారు? చెంబు లాక్కుని విసిరికొట్టాడు. మళ్లీ కనిపిస్తే బాణామతి కేసు పెట్టించి జైల్లో వేయిస్తానన్నాడు. ముసలామె చెంబు తీసుకుని వెళ్లిపోయింది.

సాయంత్రానికి జ్వరం ఇంకా పెరిగింది. పిల్లను సంగారెడ్డి దవాఖానకు ఎత్తుకుపోతే డెంగీ అన్నారు. దోమలు ఎక్కడివా అని వెతికితే, కాలనీ పార్కులో పాడైన ఫౌంటెన్ నిలవ నీళ్లలో పుట్టినవేనని తేలింది.

అంకిత బతికి బట్టకట్టింది. సుభాష్‌కు మాత్రం సిగ్గుతో ముద్ద దిగలేదు. ఆ ముసలామెకు ఓ చీర పెట్టి, తప్పయిందని చెప్పుకుందామనుకున్నాడు. మంగళవారం మళ్లీ వస్తుందేమోనని కాచుకున్నాడు. మంగళవారాలు పోతున్నాయి గానీ ఆమె రాలేదు. చివరికి మొగులప్పను అడిగాడు.

"ఇగ రాదు సార్. కేసంటిరి గదా, భయపడి మనూరు ఊర్ల ఉన్న ఇల్లిడిసి నాగల్‌గిద్దల ఉండే చెల్లె ఇంటికి పోయింది."

"నీకు తెలిసినామేనా? గప్పుడే చెప్పొద్దా?"

"మీరు అడిగిండ్రా?"

 ఎవరామె అని అడిగాడు సుభాష్.

మొగులప్ప గోడ వైపు చూశాడు.

"గీ గోడ కట్టేటప్పుడు అది కూలిపోయి మీద పడి ఒక మేస్త్రి సచ్చిపోయిండు, దుర్గేశ్ అని. ఇంకొకరి బిడ్డను గిది తినొద్దని తిరిగింది సార్, ఆయన తల్లి."