అక్క చూసిన నడక

అంటార్కిటికాలో ఒంటరిగా సినిమా తీసేవాళ్లు ఒక్క దారినే మూడుసార్లు నడవాలి. కెమెరా నిలబెట్టి ముందుకు, దాన్ని తెచ్చుకోవడానికి వెనక్కి, మోసుకుంటూ మళ్లీ ముందుకు. మందాకిని వెనక్కి వస్తుండగా కాలికింద మంచు విరిగింది. మూడు నిలువుల లోతున, నీలం గోడల నడుమ ఇరుక్కుపోయింది.

పైన కెమెరా టీవీకి ప్రత్యక్ష ప్రసారం చేసుకుపోతోంది. ఈ కాలం కెమెరాలన్నీ అంతే. మనిషి మరుగైతే, చూసేవాళ్లకి విసుగు పుట్టకుండా, తామే బొమ్మ అల్లి ఆ ఖాళీ నింపేస్తాయి.

శిబిరానికి ఫోన్ చేస్తే యంత్రం మర్యాదగా చెప్పింది: "మీరు క్షేమంగా నడుస్తున్నట్టు కనిపిస్తోంది."

ఇక మిగిలింది అనకాపల్లిలో అక్క.

"అక్కా, మంచు పగుల్లో పడిపోయేనే! ఎవరికైనా చెప్పి మనుషుల్ని పంపించవే!"

అవతల పోపు చిటపటలాడింది. "పడిపోడమేటే? టీవీలో నవ్వుకుంటూ నడిచొస్తన్నావు కదా!"

"అది నేను కాదక్కా! కెమెరా అల్లిన బొమ్మ!"

అక్క గొంతులోకి వచ్చిన కరుకుదనం మందాకిని ఎన్నడూ ఎరగనిది.

"ఎవడ్రా నువ్వు? గొంతే కాక నంబరు కూడా కాజేశారూ? మొన్న మా ఆడపడుచుని ఇలాగే ఏడిపించి డబ్బు గుంజేశారు. నా చెల్లి నా కళ్లముందే ఉంది, పెట్టెయ్ ఫోను!"

"అక్కా!"

ఫోన్ తెగేముందు అక్క సంబరంగా బావను పిలవడం వినిపించింది.

"ఏవండీ, రండి రండి! మన మందాకిని కెమెరా దగ్గరికి వచ్చీసింది!"