ఓబుళప్ప వేసిన మార్కులు

సురేంద్ర విసిరిన కాగితాల కట్ట రంగు తొట్టికి జానెడు దూరంలో పడింది.

"నూట ఇరవై రెండు తప్పులు పెద్దాయనా. నా ఎనిమిదేండ్ల చదువును గంగలో కలిపినావు."

ధర్మవరంలో పట్టునూలుకు రంగులద్దే ఓబుళప్ప పీట మీద నుంచి లేవలేదు. కాగితాల వైపు చూడనూ లేదు. వెనక నిలబడ్డ అతని కోడలు అరుణ వంగి వాటిని ఏరి, తడవకుండా గూట్లో పెట్టింది.

"కూర్చో సారూ. హిందూపురం నుంచి రైల్లో నిలబడే వచ్చినట్టుండావు. కాఫీ తాగుదువు."

"కాఫీ వద్దు, ఏమీ వద్దు. నాకు జవాబు కావాల."

సురేంద్ర హిందూపురంలో ఒక ఇంజనీరింగ్ కాలేజీలో కాంట్రాక్టు లెక్చరరు. ఫజీ లాజిక్, న్యూరల్ నెట్‌వర్క్‌ల మీద 1994లో మొదలుపెట్టిన పరిశోధనను 2002 దాకా ఈడ్చుకొచ్చాడు. మనుషులు వాడే 'కొంచెం', 'దాదాపు', 'ఒక మోస్తరు' లాంటి మాటలను కంప్యూటరుకు అంకెల్లో నేర్పడం అతని పని. స్టాఫ్ రూములో అందరూ అతన్ని 'కొంచెం సార్' అంటారు. విన్నప్పుడల్లా అతనికి ఒళ్లు మండుతుంది. జూన్ లోపల డాక్టరేట్ రాకపోతే ఆ ఉద్యోగంలో ఇంకొకరు ఉంటారని మేనేజ్‌మెంటు మొహం మీదే చెప్పింది.

రంగు ఎంత బాగా కుదిరిందో చూసి ఓబుళప్ప పదికి మార్కులేసేవాడు. తేదీ రాసిన చీటీ ఒకటి ఆ నూలు కట్టకు కట్టేవాడు. రోజుకు మూడు కట్టలు, పద్నాలుగు నెలలు. సురేంద్ర ఆదివారం ఆదివారం వచ్చి కట్టలకు ఫోటోలు తీసుకుని, మార్కులు రాసుకుని వెళ్లి కంప్యూటరుకు నేర్పేవాడు. అది అచ్చం ఓబుళప్పలాగే మార్కులు వేయడం నేర్చుకుంది, ఆ నూట ఇరవై రెండు కట్టల దగ్గర తప్ప.

థీసిస్ చదివిన పరీక్షకుడు దాన్ని తిప్పి పంపాడు. ఒకే రంగుకు మీ నిపుణుడు ఒకసారి తొమ్మిది, ఇంకోసారి నాలుగు ఎలా వేశాడని ఎర్ర సిరాతో రాశాడు. ఆ వరుసలు తీసి పారెయ్, ఎవడు చూస్తాడు అన్నాడు గైడు. దొంగ లెక్కతో డాక్టరు అనిపించుకోవడానికి ఇన్నేళ్లు తిప్పలు పడలేదని సురేంద్ర ఫోన్ పెట్టేశాడు. ఆ కోపంతోనే రైలెక్కాడు.

"తప్పులన్నీ గుంపులుగా ఉండాయి," అన్నాడు సురేంద్ర ఇప్పుడు. "జనవరి ఇరవైమూడు, ఇరవైనాలుగు, ఇరవైఐదు. ఫిబ్రవరి ఇరవైఒకటి నుంచి మళ్లా. అమావాస్యేమో, షెడ్డులో వెలుతురు తక్కువేమో అనుకున్న. మార్చిలో అదీ కుదర్లేదు. వానలు చూసినా, కరెంటు కోతలు చూసినా. ఇంక మిగిలింది ఒకటే. తాగుతావా పెద్దాయనా?"

"నలభై ఏండ్లుగా ఈ తొట్టికాడ కూర్చున్నోణ్ణి సారూ. చుక్క ముట్టలేదు."

"మామ తాగడు సార్," అంది అరుణ.

"నిన్నడగలేదమ్మా. నువ్వు కాసేపు అవతలికి పో. ఈడ మనుషులు మసులుతాంటే ఆయనకు చూపు నిలవదు."

అరుణ మామ మొహం చూసింది. ఆమె దడి అవతలికి వెళ్లింది.

సురేంద్ర సంచిలోంచి ఐదు మిరపపండు ఎరుపు కట్టలు తీశాడు. వాటి పాత చీటీలు విప్పి జేబులో వేసుకున్నాడు. "నువ్వు చూసినవే. మళ్లా వెయ్ మార్కులు."

ఓబుళప్ప మొదటి కట్టను వెలుతురుకు పట్టాడు. కంటికి దగ్గరగా తెచ్చాడు, దూరంగా పెట్టాడు, వేళ్లతో తడిమాడు. "ఏడు... కాదు, ఐదు."

చీటీలో తొమ్మిది ఉంది. రెండోదానికి ఎనిమిది అన్నాడు, చీటీలో నాలుగు. ఐదు కట్టల్లో నాలుగు తప్పాయి.

సురేంద్ర చీటీలను నేలకేసి కొట్టాడు. "కావాలనే చేస్తాండావు. కంప్యూటరు నేర్చుకుంటే నీ పని పోతాదని భయం. ఇన్నాళ్లు పెద్దాయనా పెద్దాయనా అని నీ చుట్టూ తిరిగిన చూడు, నన్ను చెప్పుతో కొట్టాల."

"సారూ, మాట కొంచెం చూసుకో."

"కొంచెమా? నువ్వు కూడా కొంచెం అనే అంటాండావా? రేపే థీసిస్‌లోంచి నీ పేరు కొట్టేస్తా. షావుకార్లందరికీ చెప్తా, ఈ మాస్టరు తాగి రంగులు చూస్తాడని."

ఓబుళప్ప తల వంగిపోయింది. ఆయన సరే అంటేనే ఈ వీధిలో నూలు మగ్గం ఎక్కుతుంది. ఆ మాట పోతే ఆయనకు ఇంకేమీ లేదు.

"రాసుకో సారూ. తాగినాననే రాసుకో."

దడి అవతలి నుంచి అరుణ విసురుగా వచ్చింది. కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"ఎందుకు మామా చెయ్యని దానికి ఒప్పుకుంటావు? తాగుబోతు అనిపించుకునే కర్మ మనకేంది?"

"నువ్వు పలకొద్దు అరుణా," అన్నాడు ఓబుళప్ప. "ఇది మగోళ్ల పని. నీ పేరు ఈడికి రాకూడదు."

"పలుకుతా. నీకు సిగ్గు, నాకు సిగ్గు, ఈయనకు మాత్రం నోరు."

సురేంద్ర ఆమె వైపు తిరిగాడు. కోపం ఇంకా దిగలేదు. "అయితే నువ్వే చెప్పమ్మా. ఆ తేదీలు వచ్చేసరికి మీ మామకు ఏమైతాది?"

"మామకేం కాదు సార్, రంగు చూసి చెప్పే నేనే ఆ మూడు దినాలు బయటుంటా."