అనవసరమైనది

"మెమరీ ఫుల్ అంటా ఉండాది సార్. గ్రాఫ్ గీయనంటాది" అన్నాడు లెక్కల లెక్చరర్ వరప్రసాదం, చేతిలోని కాలిక్యులేటర్‌ను చంటిబిడ్డలా పట్టుకొని.

ప్రిన్సిపాల్ జనార్దనయ్య గుండెల్లో రాయి పడింది. "ఇప్పుడా చెప్పేది? తనిఖీ ఆఫీసరు జీపు ఆత్మకూరు దాటి గంటయిందంట. ఇప్పుడే ఫోనొచ్చినాది."

కంప్యూటర్ అనే మాట ఉదయగిరికి అప్పుడప్పుడే చేరుతున్న రోజులవి. ఊళ్లోని క్రైస్తవ మిషన్ చూడ్డానికి వచ్చిన దొర ఒకాయన పోతూ పోతూ ఇచ్చిపోయిన ఆ గ్రాఫులు గీసే కాలిక్యులేటర్‌ను చూసుకొనే, జనార్దనయ్య తన జూనియర్ కాలేజీ బోర్డు మీద 'ఆధునిక పరికరాలతో బోధన' అని రాయించేశాడు. ఆఫీసరు దాన్ని కళ్లారా చూస్తేనే కాలేజీకి గుర్తింపు. గుర్తింపు వస్తేనే వరప్రసాదం ఉద్యోగం పర్మనెంటు. అందుకే పాపం, పరావలయాన్ని గీసి చూపించే ప్రోగ్రాం ఒకటి వేళ్లు నొప్పి పుట్టేలా టైపు చేసి అందులో పెట్టుకున్నాడు.

"ప్రోగ్రాం ఉండాది సార్. అది నడిచేదానికే చోటు లేదు. దొర దగ్గర్నించి వచ్చిన ఆటలే అంతా నిండిపోయినాయి. ఒక్క ఆట తీసేస్తే చాలు. పేరు మీదికి పోయి డిలీట్ నొక్కితే పోతాది."

"ఇంకేం మరి, తీసి పారెయ్. చదువుకొనే చోట ఆటలేంది?"

ఆ మాట స్టాఫ్‌రూములో అంత గట్టిగా అనకుండా ఉండాల్సింది. డ్రిల్లు మాస్టారు కామయ్య టీ గ్లాసు కింద పెట్టి లేచాడు.

"ఫుట్‌బాల్ తీసేస్తారా సార్? మనకు గ్రౌండా లేదు. క్రీడా వసతులు ఉండాయని రాసిచ్చినాం. ఆఫీసరు అడిగితే నేనేం చూపించాలా?"

జువాలజీ మేడం సుకుమారి కూడా అందుకుంది. "పాము ఆట జోలికి మాత్రం రావద్దండి. ల్యాబులో సీసాలో ఉన్న పాము ఎండాకాలంలోనే కుళ్లిపోయినాది. ఇప్పుడు మా డిపార్టుమెంటుకు మిగిలిన పాము అదొక్కటే."

"అయితే ఆ ఇటుకలు పేర్చే ఆట తీసేద్దాం సార్" అన్నాడు వరప్రసాదం ఆశగా.

జనార్దనయ్య మొహం మాడిపోయింది. "కొత్త బిల్డింగు కట్టబోతా ఉండామయ్యా. దాని ప్లానింగంతా నేను దాంట్లోనే చూసుకుంటా ఉండా."

ఎవరూ నవ్వలేదు. ఆ యంత్రం పొద్దున ప్రిన్సిపాల్ గదిలోనూ మధ్యాహ్నం స్టాఫ్‌రూములోనూ ఎందుకుంటుందో, క్లాసులోకి ఎందుకు రాదో అక్కడున్న అందరికీ తెలుసు.

బయట జీపు హారను మోగింది. జనార్దనయ్య ఒక్క ఉదుటున కాలిక్యులేటర్ లాక్కున్నాడు.

"ఇట్టియ్యి. న్యాయంగా తేలుస్తా. మనలో ఎవరూ ముట్టుకోనిది ఏదో, అదే అనవసరమైనది." కళ్లజోడు సవరించుకొని, ఒక పేరు మీద ఆగి, గట్టిగా నొక్కాడు. "చూడు, ఇప్పుడెంత చోటుందో!"

వరప్రసాదానికి ప్రాణం లేచొచ్చింది. ఎవరి ఆట పోయిందో అడిగే తీరిక లేదు. ఆఫీసరు అప్పటికే గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

"గ్రాఫులు గీసే మిషన్ ఉందట కదా, చూపించండి" అన్నాడాయన కుర్చీ లాక్కుంటూ.

వరప్రసాదం జాబితా తెరిచాడు. ఫుట్‌బాల్ ఉంది. పాము ఉంది. ఇటుకలు ఉన్నాయి. పరావలయం లేదు.

ప్రిన్సిపాల్ వంక చూస్తే, ఆయన ఘనకార్యం చేసినవాడిలా నవ్వుతూ, కానివ్వమని తలాడించాడు. చేతిదాకా వచ్చిన ఉద్యోగం జారిపోతుంటే వరప్రసాదానికి ఏడుపు ముంచుకొచ్చింది. ఏమైతే అయిందని పాము మీద నొక్కాడు.

తెర మీద సన్నటి గీత ఒకటి కదిలింది. ఆఫీసరు ముందుకు వంగాడు.

"ఏం గ్రాఫ్ ఇది?"

"బిందువుల గుండా పోయే వక్రరేఖ సార్."

"బిందువును తాకినప్పుడల్లా పొడుగవుతోందే?"

"ఆరోహణ ప్రమేయం సార్."

"మా కాలేజీలో అన్నీ ఆరోహణమే సార్" అన్నాడు జనార్దనయ్య.

అంతలో వరప్రసాదం పక్కకు తిప్పే మీట నొక్కడం ఆలస్యమైంది. పాము నేరుగా పోయి గోడకు కొట్టుకొని ఆగిపోయింది. 'గేమ్ ఓవర్' అన్న అక్షరాల మీద అతను గబుక్కున బొటనవేలు ఆనించాడు.

"ఆగిపోయిందేం?"

"అవధి... అవధి చేరింది సార్."

ఆఫీసరు ఆ బొటనవేలి వంక చాలాసేపు చూశాడు. చివరికి చిన్నగా దగ్గి, 'పరికరాలు సంతృప్తికరం' అని రాసి సంతకం చేశాడు. వరప్రసాదం లోపల్లోపలే దేవునికి స్తోత్రం చెప్పుకున్నాడు.

జీపు ఎక్కి కూర్చున్నాక ఆఫీసరు అతన్ని దగ్గరికి పిలిచాడు.

"గోడ దాకా పోయాక తిప్పితే ఎట్లా మాస్టారూ? కాస్త ముందే తిప్పాలి. నెల్లూర్లో మా ఆఫీసు కంప్యూటర్లో నా పాము తెరంతా నిండుతుంది."

వరప్రసాదం బొటనవేలు వెనక్కి దాచుకున్నాడు. ఆఫీసరు నవ్వి భుజం తట్టాడు.

"భయపడకండి. మా కంప్యూటరూ మొన్న మెమరీ ఫుల్ అంది. పాముకు చోటు కావాలని అనవసరమైనవన్నీ తీసేయించాను. తనిఖీకి రాకపోతే టి.ఎ. డబ్బులు, అదే ప్రయాణ భత్యం, రావని వచ్చాను గానీ, మీ కాలేజీ దరఖాస్తు వాటితోనే పోయింది. వచ్చే ఏడాది మళ్లీ పెట్టుకోండి."