మేడం అడిగిన ప్రశ్న

పీహెచ్‌డీ వైవాలో కొండజాతి పిల్ల తన నాచుమొక్కల గురించి చెబుతుంటే, బయటినుంచి వచ్చిన పరీక్షకుడు మధ్యలోనే నవ్వేశాడు.

"ఏం యాసమ్మా అది! ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు. ఇలాంటోళ్లని ఏరికోరి చేర్చుకుంటారేంటి మేడం?"

వరసగా కూర్చున్న ప్రొఫెసర్లు నవ్వు ఆపుకున్నారు. పిల్ల చేతిలోని సుద్దముక్కను బల్లమీద పెట్టేసింది.

పిల్లకు గైడుగా ఉన్న జీవశాస్త్రం మేడం లేచారు. చక్కటి ఉచ్చారణకు ఆ యూనివర్సిటీలో ఆమెదే పేరు. "తర్వాతి ప్రశ్న నాది," అని, దాన్ని ఆ పిల్ల ఇంటిభాషలో అడిగారు.

పిల్ల తెల్లబోయింది. మరుక్షణం గలగలా జవాబు చెబుతూ, ఎండి అట్టకట్టిన నాచు నీటిచుక్క తగలగానే ఎలా పచ్చబడుతుందో బోర్డు నిండా గీసేసింది.

"ఇది పరీక్షా, సంతా?" పరీక్షకుడు బల్ల చరిచాడు. "కూర్చోండి మేడం!"

"కూర్చోను. బొమ్మలో తప్పుంటే చూపించండి."

అతను ఎంత వెతికినా దొరకలేదు. చివరికి సంతకం పెడుతూ అన్నాడు: "పిల్లల కోసం వాళ్ల భాష కూడా నేర్చుకున్నారన్నమాట. గొప్ప మనసండీ మీది."

"నేర్చుకోలేదండీ. ఉగ్గుపాలతో వచ్చింది."

ముప్పై ఏళ్లుగా పక్కనే పనిచేసిన ప్రొఫెసర్లు ఆమెను అప్పుడే మొదటిసారి చూస్తున్నట్టు చూశారు. ఆమె తల దించలేదు.