ఏటిగట్టులో ఆఖరి బొరియ

ఏరు పొంగుతోందని తెలియగానే కింది పొలాల్లోని ప్రాణులన్నీ ఏటిగట్టు మీదికి పరిగెత్తాయి. ఎత్తుగా ఉన్న చోటు అదొక్కటే. వానకు తడవకుండా ఎలుకలు గట్టులోకి బొరియలు తవ్వుకున్నాయి. వాటి పక్కనే ఎండ్రకాయలూ తవ్వుకున్నాయి. అందరికంటే ఆఖరున, పిల్లల్ని వెంటేసుకుని పందికొక్కు వచ్చింది.

"తవ్వకు పిన్నీ!" కప్ప ఏడ్చినంత పని చేసింది. "గట్టు ఇప్పటికే గుల్లైపోయింది. తెగిందంటే ఏరంతా మన మీదే పడుతుంది."

"ఇంతమంది తవ్వితే లేనిది, నా ఒక్కదాని బొరియకే తెగుతుందా? పిల్లల్ని వానలో వదిలెయ్యమంటావా?"



పందికొక్కు గబగబా తవ్వి, పిల్లల్ని లోపలికి తోసి, హమ్మయ్య అనుకుంది.

లోపల్నుంచి చిన్నది పిలిచింది. "అమ్మా, ఈ గోడలోంచి నీళ్లొస్తున్నాయి."